మొహం నీది, గొంతు నాది

మోడెనా,
1982 ఫిబ్రవరి 9

ప్రియమైన బావా,

మోకాళ్ళు తప్ప నేను అన్ని విధాలా క్షేమం. నువ్వు ఫోను ఎత్తవు కాబట్టి, బడి మానేశాక మొదటిసారి ఇంత పెద్ద కాగితం నింపుతున్నాను. తప్పులుంటే నోర్మా దిద్దేది. ఆవిడ పోయింది కనుక ఆవిడ అన్నగా నువ్వే దిద్దుకో.

సంగతేమిటంటే, నాకు సినిమా వచ్చింది! నవ్వకు. అరవై ఆరేళ్ళ వయసులో, అందరూ నేను చచ్చిపోయాననుకుంటున్న సమయంలో వచ్చింది. ఒత్తావియో అని టూరిన్ కుర్రాడు దర్శకుడు. గడ్డం ఉంది, మంచులో కూడా చెప్పులేసుకుని తిరుగుతాడు. ఒక ముసలి రేసు డ్రైవరు, కుర్రతనంలో కారుతో సహా ఎగిరిపడిన మలుపు దగ్గరికి మళ్ళీ వస్తాడు, అదీ కథ. వేషం నాకోసమే రాశాడట. చిన్నప్పుడు నా సినిమాలన్నీ చూశాడట.

అంతా బాగానే ఉంది. చిక్కల్లా ఏమిటంటే, ఈ కుర్రాడికి డబ్బింగ్ అంటే గిట్టదు. షూటింగులోనే మైకు పెట్టి, ఎవరి మాట వాళ్ళ నోటినుంచే పట్టుకుంటాడట. "సార్, మీ గొంతు వింటూ పెరిగాను. ఆ గొంతు కోసమే మిమ్మల్ని తీసుకుంటున్నాను" అన్నాడు. నేను తలూపాను. వాడు మా వంటింట్లో కూర్చున్నంతసేపూ నేను తలూపడం తప్ప ఏమీ చెయ్యలేదు. చాలా లోతైన మనిషినని అనుకుని వెళ్ళిపోయాడు.

నా అసలు గొంతు ఎలా ఉంటుందో ఈ దేశంలో తెలిసినవాళ్ళు నువ్వు, ప్రీమో, మా వీధి కసాయివాడు. అంతే. ముప్పై ఏళ్ళు నా బదులు కార్లు నడిపిన ప్రీమో, ఈ సంగతి విన్నాక, ఏమన్నాడో తెలుసా? "ఒరేయ్, నువ్వు తెర మీద నోరు తెరిస్తే జనం మెషిన్ పాడైందని టికెట్టు డబ్బులు వెనక్కి అడుగుతారురా!"

అందుకని, బావా, ఒక్కసారి మోడెనా రా. ఆ కుర్రాడికి నచ్చజెప్పు. నీ పాత గొంతుతో నాకు ఈ ఒక్క సినిమా డబ్బింగ్ చెప్పు. ఈ వేషం పోతే ఇంక వేషం రాదు. పోస్టర్ల మీది రెంజో సయెత్తా పోయి, బజార్లో టమాటాలు బేరమాడే రెంజో కవజ్జూతి ఒక్కడే మిగులుతాడు. వాడంటే నాకే ఇష్టం లేదు.

నీ బావ,
రెంజో


రోమ్,
ఫిబ్రవరి 17

వెండితెర మీది పిడుగు అయిన బావగారికి,

నీ ఉత్తరం చదివాను, ఎర్ర సిరాతో దిద్దాను, మార్కులు వేశాను, పొయ్యిలో పెట్టాను. పరీక్ష తప్పావు.

"ఆ గొంతు కోసమే" అన్నాడా ఆ చెప్పుల కుర్రాడు? ముప్పై ఏళ్ళలో నా గొంతును మెచ్చుకున్న మొదటి మనిషి, ఆ మెచ్చుకోలు తీసుకెళ్ళి నీ చేతిలో పెట్టాడన్నమాట! ఈమధ్య నాకు పుస్తకాలు తప్ప వేరే సావాసం లేదు, పాత రోమను చరిత్రలు మళ్ళీ తిరగేస్తున్నాను. ఒక చక్రవర్తి తన గుర్రానికి పదవి కట్టబెట్టబోయాడని అందరూ నవ్వుతారు. ఆ గుర్రం కనీసం సొంత గొంతుతో సకిలించేది.

నీ జీవితం గురించి నీకు సినిమా పత్రికలు రాసిందే తెలుసు కాబట్టి, అసలుది గుర్తు చేస్తాను. 1951లో నువ్వు నీ బతుకులో ఒకే ఒక్క పందెంలో పాల్గొన్నావు. ఎరువు తెచ్చుకున్న కారు. రెండో మలుపులో రోడ్డు ఎడమకు తిరిగింది, నువ్వు తిరగలేదు. కన్యాశ్రమం గోడను బద్దలుకొట్టుకుని వెళ్ళి వాళ్ళ కోళ్ళగూట్లో ఆగావు. నుదుటి మీద రక్తం, జుట్టునిండా ఈకలు. సన్యాసినులు కోళ్ళ వెంట పరుగెడుతుంటే పేపరువాడు నీ ఫోటో తీశాడు. మర్నాడు ఆ ఫోటో చూసి, "ఈ మొహం నాకు కావాలి" అంటూ నిర్మాత వచ్చాడు. తీరా చూస్తే నీకు కారెక్కితే కడుపులో తిప్పుతుంది, నోరు తెరిస్తే సందులో కుక్కలు లేస్తాయి. అందుకని నడపడానికి ప్రీమోని పెట్టారు, మాట్లాడడానికి నన్ను పెట్టారు. నీ పనల్లా హెల్మెట్ తీసి జుట్టు విదిలించడం. అది మాత్రం బ్రహ్మాండంగా చేసేవాడివి, కాదనను.

"నూట ఎనభైలో ముద్దు" మొదటి ఆట గుర్తుందా? తెర మీద నువ్వు ఆ స్వీడను పిల్ల నడుం పట్టుకుని "నువ్వు లేకపోతే ఊపిరాడదు" అంటున్నావు. మా చెల్లెలు హాలంతా వినబడేలా "అయ్యో, మా అన్నయ్య!" అని కేక పెట్టింది. ఆ తర్వాత నీ ముద్దు సీన్లన్నిటికీ పాపం చెవులు మూసుకునే కూర్చుంది.

ఇక పండోల్ఫీ. బిరుదుల పండోల్ఫీ. చీకటి గదిలో మా గొంతులన్నిటి మీదా పెత్తనం చేసిన డబ్బింగ్ దర్శకుడు. "పార్మా దాటాక బ్రేకుల్లేవు" సినిమాకి ఉత్తమ స్వరమని వెండి పళ్ళెం ఇస్తే, వేదికెక్కి పుచ్చుకున్నది వాడు. నా పేరైనా చెప్పలేదేమని విందులో అడిగాను. "గొంతుకి పేరెందుకయ్యా ఎర్మెతే? గొంతుకి మొహం ఉందా?" అన్నాడు. అందరూ నవ్వారు. నువ్వు వాడి పక్కనే నిలబడి రొయ్యలు తింటున్నావు. ఒక్క మాట అనలేదు. అంటే నీ గొంతు బయటపడుతుందని భయం!

కాబట్టి నేను మోడెనా రాను. నీకు డబ్బింగ్ చెప్పను. బేరాలకు దిగకు. ఫోను అసలే చెయ్యకు.

ఇట్లు,
నీ నోరు,
ఎర్మెతే


మోడెనా,
ఫిబ్రవరి 26

బావా,

నీ కోపం అర్థమైంది. రొయ్యల సంగతి ఇన్నేళ్ళు కడుపులో పెట్టుకున్నావంటే అరగలేదన్నమాట. అవి చాలా బాగున్నాయి, అందులో నా తప్పేముంది?

సరే, నాకు తెలిసింది. నీకు పేరు కావాలి. న్యాయమే. ఈసారి పోస్టరు మీద నీ పేరు వేయిస్తాను. నా పేరంత అక్షరాలతో. సరే, కొంచెం చిన్నవి. కానీ కళ్ళజోడు లేకుండా కనబడేంతవి. "స్వరం: ఎర్మెతే బెల్లెన్తాని." చాలా?

వేరే పార్సిల్లో కొంచెం తిండి పంపాను. పందికాలు సాసేజీ మన వీధి కసాయి స్వయంగా కూరినది. పార్మెజాన్ జున్ను రెండేళ్ళు ముగ్గినది, చక్రం మధ్యలోంచి కోయించాను. సీసాలో లాంబ్రుస్కో, మన ఊరి ద్రాక్షసారాయి. రోమ్‌లో మీరు తాగేది ద్రాక్షరసం కాదు, సిరా.

నువ్వు వద్దన్నా ఫోను చేశాను. చాలాసేపు మోగాక ఎత్తావు. "బావా, బావా" అని గొంతు చించుకున్నాను. నీ రేడియోలో వాతావరణం చెప్పడం నాకు వినబడింది, బొలోన్యాలో మంచు అట. అంటే నువ్వు పక్కనే ఉన్నావు. పలకలేదు. రెండుసార్లు దేనిమీదో టకటకమని కొట్టి పెట్టేశావు. అదేం మర్యాద? కుక్కని తరిమినట్టు?

ప్రీమో అంటాడు, "వాడికి చదువెక్కువైందిరా, వదిలెయ్. చదువుకున్నవాడి పగ కుంపట్లో నిప్పు లాంటిది. పైకి బూడిదే కనబడుద్ది." నేను వదలను. షూటింగ్ మే నెలలో. ఆలోచించుకో.

నీ బావ,
రెంజో


రోమ్,
మార్చి 7

దాతవైన బావకు,

పార్సిల్ చేరింది. ఆ పసుపుపచ్చ ముక్క జున్నా, గుళ్ళో వెలిగించే కొవ్వొత్తా? ముక్కుకి ఆనించుకుని చూశాను. ఏ వాసనా లేదు. చలువరాతి ముక్కని వాసన చూసినా ఇంతకంటే ఏదో ఒకటి తెలుస్తుంది. ఇంత పేరున్న నటుడివి, బావమరిదికి పంపేటప్పుడైనా దుకాణంలో ముందువరస సరుకు కొనలేకపోయావా? సాసేజీ ఉడకబెట్టాను. మా భవనానికి కాపలా ఉండే ఇనెస్సమ్మ మూడంతస్తులు ఎక్కి వచ్చి, "ఏం వండుతున్నారండీ, మెట్లన్నీ ఘుమఘుమలాడిపోతున్నాయి!" అంది. ఆవిడ మర్యాదస్తురాలు. కుండంతా ఆవిడకే ఇచ్చేశాను.

పేరు వేయిస్తానన్నావు. పెళ్ళివారు భోంచేసి వెళ్ళిపోయాక మేళం పంపుతానంటున్నావు. ఇప్పుడు నా పేరు వేస్తే అది చదివి ఎవరు నొచ్చుకోవాలి? నేను ఎవరెవరి మొహాలు చూడాలనుకున్నానో వాళ్ళలో సగంమంది పోయారు. పండోల్ఫీ మాత్రం గుండ్రాయిలా ఉన్నాడు. వాడి వెండి పళ్ళెంలో సబ్బు పెట్టుకుంటాడని విన్నాను.

నీకో సంగతి చెబుతాను, ఆ తర్వాత ఈ గోల ఆపేద్దాం. కిందటి వేసవిలో మన సినిమా ఒకటి టీవీలో వేశారు. కింద కాఫీ దుకాణంలో అందరూ చూస్తున్నారు. నేను అలవాటుగా నా మాటలు నేను నోట్లో అనుకుంటున్నాను. దుకాణంవాడు, "తాతగారూ, కాస్త నోరు మూసుకుంటారా, రెంజో సయెత్తా మాట్లాడుతున్నాడు" అన్నాడు.

మూసుకున్నాను. ఇప్పటికీ తెరవలేదు అనుకో. నన్ను వదిలెయ్.

ఇట్లు,
నోరు మూసుకున్న
ఎర్మెతే


మోడెనా,
మార్చి 14

ఎర్మెతే!

నన్ను ఏమన్నా పడతాను. నా మొహాన్ని అను, నా గొంతును అను, కోళ్ళగూటి సంగతి మనవలందరికీ చెప్పు. కానీ రెండేళ్ళ పార్మెజాన్‌ని కొవ్వొత్తి అంటావా? మా అమ్మ బతికుంటే నిన్ను మోడెనా పొలిమేర తొక్కనిచ్చేది కాదు! ఆ జున్ను పార్సిల్ చేస్తుంటే తపాలా ఆఫీసులో ముగ్గురు దగ్గరికొచ్చి వాసన చూసి వెళ్ళారు. నీ పొగరు ముక్కుదాకా పాకిందన్నమాట.

సరే. నువ్వు రాకపోతే నా దారి నేను చూసుకున్నాను. విను, కుళ్ళుకో.

నాకు గొంతు ఆపరేషన్ అయిందని, మాట పోయిందని ప్రీమో చేత ఒత్తావియోకి చెప్పించాను! కండువా చుట్టుకుని, మెడలో పలక కట్టుకుని వెళ్ళాను. ఒక చెయ్యి గొంతు మీద పెట్టుకుని, కళ్ళు సగం మూసి, బాధగా నవ్వాను. బావా, నా జీవితంలో ఇంత బాగా ఎప్పుడూ నటించలేదు. కుర్రాడు కళ్ళు తుడుచుకున్నాడు. "అయ్యో సార్, ఆ గొంతు పోయిందా?" అన్నాడు. నేను పలక మీద రాశాను: "దిగులుపడకు. రోమ్‌లో ఒక ముసలాయన ఉన్నాడు. అచ్చం నాలాగే మాట్లాడతాడు."

డబ్బింగ్‌కి ఒప్పేసుకున్నాడు! ఆ ముసలాయన్ని ఒకసారి వినిపించమన్నాడు. ఇంక నువ్వు చెయ్యాల్సింది ఒకరోజు వచ్చి మాట్లాడడమే. రొయ్యలు తిన్నందుకు ఇంత శిక్ష చాలదా?

ఒక సాయం. సినిమా అయ్యేదాకా ఈ మూగవేషం నడపాలి. గొంతు పోయినవాడు నిజంగా ఎలా ఉంటాడో నాకు తెలీదు. నువ్వు అన్ని పుస్తకాలూ చదువుతావు కదా, నాలుగు చిట్కాలు రాసి పంపు.

నీ బావ,
రెంజో


రోమ్,
మార్చి 23

బావా,

చిట్కాలు అడిగావు. పంపుతున్నాను.

గొంతు మీద చెయ్యి తీసెయ్. గొంతు పోయినవాడు గొంతు పట్టుకోడు. ఎదుటివాడి చొక్కా చెయ్యి పట్టుకుంటాడు, తను చెప్పేలోపు వెళ్ళిపోకుండా.

పలక మీద అంత పొడుగు వాక్యం రాశావంటేనే దొంగవని తెలిసిపోతుంది. నువ్వు రాయడం పూర్తయ్యేదాకా ఎవరూ ఆగరు. రెండు మాటలు చదివి, అంతా అర్థమైనట్టు తలూపుతారు. అందుకని చిన్నవి రాయి. రొట్టె. వద్దు. రేపు. వెటకారం రాయలేవు, అది చల్లారిపోతుంది. అన్నిటికంటే కష్టం అదే.

కండువా బిగించకు. గాలి అక్కడినుంచే పోవాలి. దగ్గు వస్తే పాత అలవాటుకొద్దీ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంటావు. దగ్గు అక్కడినుంచి రాదు.

ముక్కుతో గాలి పీల్చడు కాబట్టి వాసనలు తెలియవు. కాఫీ తెలీదు. పొయ్యి మీద పాలు మాడినా తెలీదు. రెండేళ్ళు ముగ్గిన జున్ను, చక్రం మధ్యలోంచి కోయించినదైనా, తెలీదు.

ఫోను మోగితే ఎత్తుతాడు. ఎందుకెత్తుతాడో వాడికే తెలీదు. అవతల ఎవరో తన పేరు పెట్టి పిలుస్తుంటే కాసేపు వింటాడు. ఇక్కడే ఉన్నానని చెప్పడానికి గోళ్ళతో బల్ల మీద కొడతాడు. తర్వాత పెట్టేస్తాడు.

ఇవి పుస్తకాల్లో చదివినవి కావు. కిందటి అక్టోబరులో నా స్వరపేటిక తీసేశారు. మెడ కింద, కాలర్ గుండీ దగ్గర కన్నం ఉంది. దానిలోంచి ఊపిరి పీలుస్తాను. మంగలి దాన్ని చూసి పాటలు పాడడం మానేశాడు, అదొక్కటే లాభం. డాక్టరు మంచివాడు. కోసే ముందు నాతో రెండు మాటలు మాట్లాడించి, "మీ గొంతు ఎక్కడో విన్నట్టుందండీ" అన్నాడు. నీ అభిమాని అట. నీ గొంతు అంటే ప్రాణమట. తర్వాత దాన్ని స్టీలు పళ్ళెంలో వేశాడు.

నాకూ పళ్ళెం దక్కింది, చూశావా? పండోల్ఫీది వెండిది.

ఏడుస్తూ రాయకు. నీ సినిమాల్లో ఏడుపులన్నీ నేనే ఏడ్చాను, నీకు అనుభవం లేదు.

ఎర్మెతే


మోడెనా,
మార్చి 31

బావా,

పలక పగలగొట్టాను. ప్రీమో నన్ను కాలితో తన్నాడు, నా వయసుకి మర్యాద ఇచ్చి మెల్లగానే.

నీ ఉత్తరం చేతిలో పట్టుకునే రోమ్ రైలెక్కాను. బొలోన్యాలో దిగిపోయాను. ఏ మొహం పెట్టుకుని రావాలో తెలియలేదు. ఇన్నేళ్ళూ నాకున్న ఆస్తి మొహం ఒక్కటే, అవసరానికి అదీ పనికిరాలేదు.

అక్కడినుంచి తిన్నగా ఒత్తావియో దగ్గరికి వెళ్ళాను. కండువా తీసి, నిజం చెప్పాను. నోటితో. నా నోటితో. "నాయనా, నా గొంతు పోలేదు. ఇదే నా గొంతు. నువ్వు విన్నది మా బావది. పోయింది ఆయనది" అన్నాను. కుర్రాడు నన్ను చూశాడు, నా వెనక ఇంకెవరైనా ఉన్నారేమోనని చూశాడు. "ఇంకోసారి చెప్పండి సార్" అన్నాడు. చెప్పాను. బయటికి పరుగెత్తాడు. గోడకి ఆనుకుని నవ్వడం కిటికీలోంచి కనబడింది. లోపలికొచ్చి కళ్ళు తుడుచుకుని, "వేషం మీదే. కానీ ఇదే గొంతుతో చెయ్యాలి" అన్నాడు.

నేను చెయ్యలేను బావా. మొన్న అద్దం ముందు డైలాగు చెప్పి చూసుకున్నాను. పిల్లనగ్రోవిలో ఈగ ఇరుక్కున్నట్టుంది. ఈ దేశమంతా నన్ను చూసి నవ్వుతుంది. ఈ సోమవారం కాదు, పై సోమవారం మానేస్తున్నానని చెప్పేస్తాను. టమాటాలు కొనుక్కుంటాను.

జున్ను గురించి అన్నవన్నీ వెనక్కి తీసుకుంటున్నాను.

రెంజో


రోమ్,
ఏప్రిల్ 5

గాడిద బావకు,

మానేశావంటే మోడెనా వచ్చి చంపుతాను. చప్పుడు లేకుండా వస్తాను, ఇప్పుడది నాకు సులువు.

దేశం నవ్వుతుందా? నవ్వనీ. దేశం నన్ను చూసి నవ్వే అదృష్టమైనా నాకెప్పుడూ దక్కలేదు, నీకు దొరికితే వదులుకుంటావా?

పనికొచ్చే మాటలు చెబుతాను, విను. ఇన్నేళ్ళూ నేను నీ పెదాలకి బందీని. నువ్వు ఎక్కడ నోరు మూస్తే అక్కడికి నా వాక్యం అయిపోవాలి. నీకు పదాలు గుర్తుండక "ఒకటి, రెండు, మూడు" అని అంకెలు చెప్పేసేవాడివి. ఆ అంకెల మీద నేను ప్రేమనీ, చావునీ, దేశభక్తినీ కూర్చడాన్ని పండోల్ఫీ కళ అనేవాడు. ఇప్పుడు నీకా బాధ లేదు. పెదాలు నీవే, మాట నీదే. ఆగాలనిపిస్తే ఆగు. ఇక ఆపమని పండోల్ఫీలా గాజుగోడ వెనకనుంచి ఎవరూ చెయ్యి ఊపరు.

నా గొంతును మాత్రం ఎత్తుకోకు. నువ్వు ఎత్తుకుంటావు, నాకు తెలుసు.

కోళ్ళగూట్లోంచి బయటికొచ్చి మొట్టమొదట ఏమన్నావో గుర్తుందా? నేను, నోర్మా రోడ్డవతల గడ్డివాము మీద నిలబడి చూస్తున్నాం. రక్తం కారుతుంటే లేచి, పెద్ద సన్యాసినితో "అమ్మా, కోళ్ళకేం కాలేదు కదా?" అన్నావు. ఆ ఈగ గొంతుతోనే. మా చెల్లెలు నా భుజం పట్టుకుని పడీపడీ నవ్వింది. "వీడెవడన్నయ్యా? నాకు వీణ్ణి చూపించు" అంది. పేపర్లో ఫోటో పడింది ఆ మర్నాడు. ఫోటో చూసి నిన్ను చేసుకుందనుకున్నావా ఇన్నాళ్ళూ? ఆవిడ నీకు చెప్పలేదా?

సోమవారం ఎక్కడికీ వెళ్ళకు.

ఇట్లు,
నీ పాత నోరు,
ఎర్మెతే


మోడెనా,
జూన్ 20

బావా,

నోర్మా నాకు చెప్పలేదు. ఆ ఉత్తరం దిండు కింద పెట్టుకుని, షూటింగ్ అయ్యేదాకా నీకు జవాబు రాయలేదు. రాస్తే ఏడుపు, నీకది గిట్టదు.

మొదటిరోజు, నువ్వన్నట్టే, నీ గొంతు ఎత్తుకున్నాను. గడ్డం గుండెలోకి నొక్కి, పొట్టలోంచి తీశాను. ఒత్తావియో ఆపేశాడు. "సార్, ఎద్దు బావిలో పడినట్టుంది" అన్నాడు. అప్పుడు నాది తీశాను. మైకువాడు చెవులకున్నవి తీసి, ఊది, మళ్ళీ పెట్టుకున్నాడు. సన్యాసినుల వేషాలకు వచ్చిన ముసలమ్మలు ఒకళ్ళమీద ఒకళ్ళు పడి నవ్వారు. రెండోరోజు తక్కువ నవ్వారు. మూడోరోజు, మలుపు దగ్గర నిలబడి నేను "కోళ్ళకేం కాలేదు కదా?" అని అడిగే సీను. నీ ఉత్తరంలోది చెబితే కుర్రాడు కథలో పెట్టేశాడు. ఎవరూ నవ్వలేదు. ఒక ముసలమ్మ, వేషం మర్చిపోయి, "లేదు నాయనా, అన్నీ బాగానే ఉన్నాయి" అంది. అది అలాగే ఉంచాడు.

కారు కూడా నేనే నడిపాను. గేటు దాకా. దిగి కక్కుకున్నాను. ప్రీమో, "ముప్పై ఏళ్ళు నీ పేరుతో నడిపాను, నీ పరువు ఇలా ఒక్కసారైనా తీశానా?" అన్నాడు.

ఇప్పుడు చిక్కు. నిర్మాత సినిమా చూసి జుట్టు పీక్కున్నాడు. "జనం రెంజో సయెత్తాని చూడ్డానికి డబ్బిస్తారు, ఈ కీచుపిట్టకి కాదు" అన్నాడు. డబ్బింగ్ చెయ్యించాలట. ఎవరికి కబురు పంపాడో తెలుసా? నీ పండోల్ఫీకి. పండోల్ఫీ దగ్గర ఒక కుర్రాడున్నాడు, నీ పాత సినిమాలు విని నిన్ను అచ్చుగుద్దినట్టు నేర్చుకున్నాడట. టేపు వినిపించారు. బావా, అది నువ్వే. 1958లో నువ్వు.

నా సంతకం లేకుండా గొంతు మార్చకూడదని ఒత్తావియో ఒప్పందంలో రాయించి పెట్టాడు. పండోల్ఫీ నా ఫోను కోసం చూస్తున్నాడు. సంతకం పెడితే నా పరువు దక్కుతుంది, నీ గొంతు ఇంకోసారి లోకం వింటుంది. పెట్టకపోతే కీచుపిట్ట. ఆ గొంతు నీది కనుక నిన్నే అడుగుతున్నాను. పెట్టనా, వద్దా? నువ్వు ఏదంటే అది.

నీ బావ,
రెంజో


రోమ్,
జూన్ 26

బావా,

వద్దు.

మంగలిషాపులో గాజుబీరువాలో నక్కని పెట్టి ఉంచుతారే, కడుపులో గడ్డి కూరి? ఆ టేపులో ఉన్నది అది. పళ్ళు అవే, తోక అదే. నేను మాత్రం అందులో లేను. నేను ఉన్నది మొన్న నీ ముందున్న ఆ ముసలమ్మల దగ్గర, గడ్డివాము మీద, మా చెల్లెలి పక్కన. అక్కడినుంచి నన్ను లాగకు.

సంతకం పెట్టవద్దు. కానీ ఆ మాట పండోల్ఫీకి ఉత్తరంలో రాసి ఊరుకోవడం నాకు ఇష్టం లేదు. పాతికేళ్ళుగా వాడికి చెప్పాల్సినవి నా దగ్గర ఉన్నాయి, చెప్పే సాధనం పోయింది. కాబట్టి గురువారం పొద్దున రైల్లో మోడెనా వస్తున్నాను. స్టేషనుకి ప్రీమోని పంపు. నువ్వు నడుపుతానంటే నడిచే వస్తాను. జున్ను కొని ఉంచు. వాసన నువ్వు చూసి చెప్పు, నేను తింటాను.

మీ వంటింట్లో ఫోను దగ్గర నువ్వు కూర్చో. నేను నీ ఎదురుగా కూర్చుంటాను. పండోల్ఫీకి ఫోను కలుపు. నేను పెదాలు కదుపుతాను, గాలి తప్ప ఏమీ రాదు. నువ్వు నా పెదాలు చూసి మాట్లాడు. ముందుకు దూకకు, వెనకపడకు. నేను నోరు మూసినచోట నువ్వూ మూయి. మొదట్లో తడబడతావు, పర్వాలేదు, నేను నీ అంకెలతో ఎన్నేళ్ళు వేగానో తలుచుకో.

ముందు క్షేమం అడుగుదాం, మనం మర్యాదస్తులం. తర్వాత ఆ పళ్ళెంలోంచి సబ్బు తీసి, తుడిచి, తపాలాలో పంపమందాం. ఆ తర్వాత నెమ్మదిగా, ఒక్కో మాట విడివిడిగా చెప్పు: "గొంతుకి మొహం ఉందా అన్నావు కదా పండోల్ఫీ? ఉంది. ఇదిగో, నా ఎదురుగా కూర్చుని ఉంది." ఆ మాట నువ్వన్నా నిజమే, నేనన్నా నిజమే.

వాడు నీ గొంతు ఎప్పుడూ వినలేదు. "అసలు ఎవరయ్యా మాట్లాడేది?" అని తప్పకుండా అడుగుతాడు.

అప్పుడు నేను పెదాలు కదపను. దానికి జవాబు నువ్వే చెప్పు.

ఇట్లు,
ఈసారికి మొహం,
ఎర్మెతే